గుర్తు ఎందుకు తిరుగుతుందో కాలువ గట్టున తెలిసింది

పదో తరగతి అయిన పన్నెండేళ్ళకి మళ్ళీ లెక్కల పుస్తకం పట్టాను, ఉద్యోగ పరీక్ష కోసం. పిల్లల్ని బడికి పంపేసి అమలాపురంలో కోచింగ్‌కి వెళ్ళేదాన్ని. శాతాలు, వడ్డీలు బాగానే వచ్చాయి. అసమీకరణాల దగ్గరే, అంటే < (తక్కువ), > (ఎక్కువ) గుర్తులుండే లెక్కల దగ్గరే, బండి ఆగింది.

క్లాసులో చెప్పింది ఒక్కటే ముక్క: “మైనస్ ఉంటే గుర్తు తిప్పేయండి.” మోడల్ పేపర్లో 4ఎక్స్ < −20 వచ్చింది. మైనస్ కనబడింది కదా అని తిప్పేసి ఎక్స్ > −5 అని రాశాను. తప్పు. ఆ కింద 7 − 3ఎక్స్ < 22. ఇక్కడ అవతల ఉన్నది మామూలు 22, మైనస్ లేదు కదా అని తిప్పకుండా ఎక్స్ < −5 అని రాశాను. అదీ తప్పే. ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

మా వీధి చివర రిటైరైన లెక్కల మాస్టారున్నారు. సాయంత్రాలు కాలువ గట్టున కూర్చుంటారు. నోటుబుక్కు తీసుకుని అక్కడికే వెళ్ళాను.

“ఎందుకు తిప్పాలో తెలియట్లేదండి మాస్టారూ.”

“ఎవరూ చెప్పలేదా అమ్మా?”

“తిప్పమన్నారండి. ఎందుకో చెప్పలేదండి.”

ఆయన పుస్తకం తెరవలేదు, కాలువ వైపు చూపించారు. ధవళేశ్వరం నుంచి నీళ్ళు వదిలి నెల దాటింది, కాలువ నిండుగా ఉంది. గాలి లేదు. అవతలి గట్టున రెండు కొబ్బరి చెట్లు, ఒకటి పొడుగు, ఒకటి పొట్టి. “నీటి మట్టం సున్నా అనుకో. నీళ్ళలో కనబడే నీడలో ఏ చెట్టు తల ఎక్కువ కిందికుంది?”

పొడుగు చెట్టుదే. పైన ఎత్తున ఉన్న మొవ్వు, నీళ్ళలో అంత లోతునా కనబడుతోంది.

“మైనస్‌తో గుణించినా, భాగించినా జరిగేది అదే. 5 పెద్దది, 2 చిన్నది. నీళ్ళలో చూస్తే −5 అడుక్కి పోయింది, −2 పైనుంది. వరసే తారుమారైతే గుర్తు మారకుండా ఎలా ఉంటుంది? కూడినా తీసేసినా మాత్రం రెండు చెట్లూ ఒకేలా జరుగుతాయి, వరస చెదరదు.”

నాకు ఒళ్ళు జలదరించింది. ఇంత మాట పన్నెండేళ్ళ కిందట ఎవరైనా చెప్పుంటే!

ఇంకో మాట కూడా అన్నారు. ఋణ సంఖ్య అంటున్నాం కదా, ఋణమంటే అప్పు. బ్రహ్మగుప్తుడు 628లోనే ధనం, ఋణం అన్న మాటలతో ఈ సంఖ్యల నియమాలు రాశాడట. అయిదు వేలు అప్పున్నవాడి కంటే రెండు వేలు అప్పున్నవాడే నయం కదా. −2 పెద్దది.

అక్కడే గట్టు మీద రెండు లెక్కలూ మళ్ళీ చేశాను. 4ఎక్స్ < −20లో నేను భాగించేది 4తో. అది ధన సంఖ్య, చెట్లు నీళ్ళలోకి వెళ్ళలేదు. కుడివైపు మైనస్ దాని మానాన అది ఉంటుంది. ఎక్స్ < −5. రెండో దాంట్లో 7 తీసేస్తే −3ఎక్స్ < 15, ఇప్పుడు భాగించేది −3తో. గుర్తు తిరిగి ఎక్స్ > −5 అయింది. నేను చూడాల్సింది ఏ సంఖ్యతో భాగిస్తున్నానన్నదే, లెక్కలో మైనస్ ఎక్కడుందన్నది కాదు.

టెన్షన్‌లో తిప్పడం మరిచిపోతానేమోనని ఇంకో దారి కూడా నేర్చుకున్నాను. 3ఎక్స్‌ని అవతలికి, 22ని ఇవతలికి పంపితే −15 < 3ఎక్స్. భాగిస్తే −5 < ఎక్స్. తిప్పే పనే లేదు. జవాబు వచ్చాక ఒక సంఖ్య వేసి చూస్తాను: సున్నా వేస్తే 7 < 22, నిజం. −6 వేస్తే 7 + 18, అంటే 25. అది 22 కంటే తక్కువ కాదు, కాబట్టి −6 జవాబులో లేదు. నిమిషం కూడా పట్టదు, ఎన్నిసార్లు కాపాడిందో.

మర్నాటి పేపర్లో రెండు గుర్తుల లెక్క వచ్చింది: −5 ≤ 3 − 2ఎక్స్ < 9. మూడు చోట్లా 3 తీసేశాను, −8 ≤ −2ఎక్స్ < 6. −2తో భాగిస్తూ రెండు గుర్తులూ తిప్పాను, 4 ≥ ఎక్స్ > −3. చిన్నది ముందు వచ్చేలా −3 < ఎక్స్ ≤ 4 అని రాసుకుని, 4 వేసి చూశాను. 3 − 8, అంటే −5. సరిగ్గా అంచు మీద నిలిచింది.