పద్దులో ఎక్కని ఆట

షార్జా నుంచి వచ్చిన మూడో రోజు పొద్దున మా అబ్బాయి నా పెట్టెను అడుగుదాకా తిరగేసి, "నాయినా, పడవ ఆట ఏది?" అన్నాడు. ఖర్జూరాలు, టైగర్ బామ్ సీసాలు, పాలపొడి డబ్బాలు, వాడి కొత్త బూట్లు అన్నీ మంచం మీద పరిచి ఉన్నాయి. వాడికి కావలసింది మాత్రం నా ల్యాప్‌టాప్‌లో ఉండేది. ల్యాప్‌టాప్ వచ్చింది గానీ అందులో ప్రాణం లేదు. ప్రయాణంలో ఎక్కడ దెబ్బ తగిలిందో, మీట నొక్కితే నల్ల తెర, లోపల గాజుల చప్పుడు లాంటి టిక్కు టిక్కు.

ఆ ఆట సంగతి కొంచెం చెప్పాలి. షార్జా పారిశ్రామికవాడలో ఒక గోదాముకు నేను స్టోర్ కీపర్‌ను. గదిలో ఆరుగురం, రెండంతస్తుల మంచాలు, నాది పైది. రాత్రి ఏడున్నరకు గదికి చేరితే మా ఊరు మక్తల్‌లో తొమ్మిదవుతుంది. అక్కడ వాట్సాప్‌లో రాతలు వెళ్తాయి గానీ కాల్స్ కలవవు, అందుకని నెలకింత కట్టి బోటిమ్ అనే యాప్‌లో మాట్లాడుకునేవాళ్ళం. రోజూ మాట్లాడే మనిషికి రోజూ చెప్పడానికి ఏముంటుంది? తిన్నావా, తిన్నాను, బడికి వెళ్ళావా, వెళ్ళాను. నాలుగో మాటకు వాడు ఫోను వాళ్ళ అమ్మ చేతిలో పెట్టి పరుగు తీసేవాడు. అప్పుడు నాకొక ఉపాయం తోచింది. ఫోనును ల్యాప్‌టాప్ తెర వైపు తిప్పి దిండుకు ఆనించి నేను ఆడుతుంటే, వాడు ఇక్కడి నుంచి హుకుం జారీ చేస్తాడు. చిన్న పడవ, చీకటి నది, ఒడ్డున దీపాలు. తుపాకులు లేవు, చంపడాలు లేవు. "ఎడమకు, ఎడమకు! రాయి ఉంది నాయినా!" అని వాడు అరిచేవాడు. ఆ కేక సముద్రం దాటి నా చెవిన పడే లోపు పడవ రాయికి తగిలేది. నేను ఆలస్యంగా తిప్పానని వాడు, నువ్వు ఆలస్యంగా చెప్పావని నేను. ఈ తగవుతో అరగంట గడిచేది. ఆ అరగంట కోసమే ఆ ఆట.

అది దొరికింది ఇచ్ డాట్ ఐఓ అనే ఆన్‌లైన్ అంగట్లో. లీఫ్ కోర్‌కొరన్ అనే ప్రోగ్రామర్ 2013లో దాన్ని మొదలుపెట్టాడు. పెద్ద కంపెనీల అండ లేకుండా ఒకరో ఇద్దరో సొంతంగా తయారు చేసిన ఆటలు అక్కడ ఉంటాయి. ధర వాళ్ళే పెట్టుకుంటారు. చాలామంది సున్నా పెట్టి, తోచినంత ఇవ్వండి అంటారు. అంగడివారికి ఎంత వాటా ఇవ్వాలో తేల్చేది కూడా అమ్మేవారే. కురుమూర్తి జాతరలో పెద్ద దుకాణాల వరసకు దూరంగా, గోనెపట్టా పరిచి తన చేత్తో చేసిన బొమ్మలను పెట్టుకుని కూర్చునేవాళ్ళుంటారు కదా, అలాంటి వేలమందిని ఒక చోట కూర్చోబెట్టినట్టు ఉంటుంది.

నాకు దాని సంగతి తెలిసింది 2020 జూన్‌లో, కరోనా రోజుల్లో. క్యాంపు గేటు మూసేశారు, జీతం సగం చేశారు. మా గోదాములో లెక్కలు ఎక్కించే ఫిలిప్పీన్స్ కుర్రవాడు, అయిదు డాలర్లు ఇస్తే ఒక మూట వస్తుందని చెప్పాడు. అమెరికాలో జార్జ్ ఫ్లాయిడ్‌ను పోలీసులు చంపిన తర్వాత, జాతి వివక్షపై పోరాడేవారి కోసం ఆ అంగడి విరాళాలు పోగుచేస్తున్న సమయమది. కనీసం అయిదు డాలర్లు, ప్రతిగా 1,700కు పైగా ఆటలూ ఇతర సరుకూ. ఎనిమిది లక్షలమందికి పైగా కొన్నారు, ఎనభై లక్షల డాలర్లకు పైగా పోగయింది. ఆ లెక్కలో నావి అయిదు డాలర్లు, అంటే పద్ధెనిమిది దిర్హమ్‌ల చిల్లర. "అన్నా, ఉల్లిగడ్డలకు లేవు గానీ ఆటలకు ఉన్నాయా?" అని కింది మంచం జగిత్యాల తమ్ముడు నవ్వాడు. వారం తిరగకుండా నా ల్యాప్‌టాప్ ముందు వరసలో నిలబడ్డది కూడా అతనే.

సరే, మళ్ళీ మక్తల్‌కు వస్తాను. ల్యాప్‌టాప్ పట్టుకుని మహబూబ్‌నగర్ వెళ్ళాను. క్లాక్ టవర్ దగ్గర మరమ్మతులు చేసే అబ్బాయి డిస్కు బయటికి తీసి, చెవి దగ్గర పెట్టుకుని విని, తల అడ్డంగా ఊపాడు. లోపలి సమాచారం కావాలంటే హైదరాబాద్ పంపాలట. అతను చెప్పిన ఖర్చుకు ఇంకొక పాత ల్యాప్‌టాప్ వస్తుంది. కొత్త డిస్కు వేయించుకుని బస్సెక్కాను. ఇంటికొచ్చి తెరిస్తే, కొత్తగా సున్నం వేసిన గదిలాగా తెల్లగా ఉంది.

ఆన్‌లైన్‌లో కొన్న సరుకు మన డిస్కుతో పాటు పోదని నాకు తెలుసు. అంగట్లో మన పేరున రాసి ఉంటుంది, మళ్ళీ దించుకోవచ్చు. నేను కొన్న రోజుల్లో అక్కడ ఖాతా తెరవలేదు, ఊరికే ఈమెయిల్ ఇచ్చి కొన్నాను. అలాంటివారికీ దారి ఉంది. ఏ ఈమెయిల్‌తో కొన్నామో అది ఇస్తే, మన కొనుగోళ్ళ లింకులను ఆ ఈమెయిల్‌కే పంపుతారు. ఇబ్బందల్లా ఆ ఈమెయిలే. షార్జా చేరిన మొదటి వారంలో, షార్జా నంబరు మీద తెరిచాను. పాస్‌వర్డ్ పాత డిస్కులోని బ్రౌజర్‌కు తెలుసు, నాకు తెలియదు. మరిచిపోయానంటే షార్జా నంబరుకు కోడ్ పంపుతానంటుంది. వీసా రద్దు చేయించుకుని వచ్చినవాణ్ణి, ఆ సిమ్ ఎప్పుడో మూగబోయింది. గల్ఫ్ నుంచి తిరిగి వచ్చినవాళ్ళకు ఈ గండం మామూలే. బ్యాంకు, ఈమెయిల్, అన్నీ అక్కడి నంబరుకు కట్టి ఉంటాయి. విమానం ఎక్కే ముందు అందరితో కరచాలనం చేసి వస్తాం గానీ, నంబరు మార్చుకుని రావాలని గుర్తుండదు. పైగా రెండేళ్ళు ఎవరూ ముట్టని ఖాతాలను తొలగించవచ్చని గూగుల్ 2023లోనే చెప్పింది. నేను ఆ ఈమెయిల్ తెరిచి మూడేళ్ళు దాటింది.

రెండు రోజులు ఊరికే కూర్చున్నాను. మూడో రోజు మధ్యాహ్నం అమ్మ వాకిట్లో జొన్నలు చెరుగుతూ, పక్కన ఫోనులో భజనలు పెట్టుకుంది. తెర మీద పగులు అడ్డంగా, ఏటి పాయలాగా ఉంది. ఆ పగులును చూడగానే గుర్తొచ్చింది. అది నా పాత ఫోను. ఊరికి వస్తున్న ఒకతని చేత మూడేళ్ళ కింద పంపాను, తుడిచి పంపాలన్న ఆలోచన లేకుండా, ఉన్నది ఉన్నట్టుగా.

"అమ్మా, ఒకసారి ఫోను ఇవ్వు" అన్నాను.

"భజన అయిపోనియ్యి బిడ్డా."

ఆగాను. అయిపోయాక చూస్తే ఖాతా అలాగే తెరిచి ఉంది. అమ్మ మూడేళ్ళుగా రోజూ వింటున్న భజనలన్నీ యూట్యూబ్‌లో నా పేరు మీదే నడిచాయి. ఆ ఖాతాలోంచి వీడియో చూసినా గూగుల్ దాన్ని వాడకంగానే లెక్కవేస్తుంది. అంటే చదువురాని మా అమ్మ, ఈమెయిల్ అంటే ఏమిటో తెలియకుండా, నా ఈమెయిల్‌ను మూడేళ్ళు బతికించింది. ఈ మాట ఆమెకు వివరించాలని చూశాను. "నా పాటలు పోవు కదా?" అని మాత్రం అడిగింది.

ఈమెయిల్‌లో రసీదులు దొరికాయి. విడిగా కొన్నవి నాలుగు, 2020 నాటి మూట ఒకటి. అదే ఈమెయిల్‌తో అంగట్లో ఖాతా తెరిచి, అది నాదేనని ఖాయపరిచి, పాత కొనుగోళ్ళను ఖాతాకు కలిపాను. నాలుగూ వచ్చి చేరాయి. మూట దగ్గర ఒక మెలిక ఉంది. డబ్బు కట్టాం కదా అని అన్నీ వాటంతట అవి ఖాతాలో మన సరుకు ఉండే అరలోకి రావు. మూట పేజీకి వెళ్ళి, కావలసిన ఒక్కొక్కదాని దగ్గరా డౌన్‌లోడ్ నొక్కితేనే అది మన పేరున పడుతుంది. పదిహేడు వందల సరుకు, పేజీల తరబడి. నలభై దాకా నొక్కి వేలు నొప్పి పుట్టి వదిలేశాను. తొందరేమీ లేదు, మూట రసీదు ఉన్నంతకాలం అవి ఎక్కడికీ పోవు.

పడవ ఆట మాత్రం ఎక్కడా లేదు.

ఎందుకు లేదో తట్టడానికి ఒక పూట పట్టింది. అది సున్నా ధర ఆట. అలాంటిది దించుకునేటప్పుడు ఒక చిన్న కిటికీ తెరుచుకుని, తోచినంత ఇస్తారా అని అడుగుతుంది. కింద, వద్దు, నేరుగా డౌన్‌లోడ్‌కు తీసుకుపొమ్మని ఒక వరస ఉంటుంది. నేను ఆ వరసే నొక్కాను. అలా తీసుకున్నదానికి రసీదు రాదు, ఎక్కడా మన పేరు పడదు. దారిన పోతూ చెట్టు కింద రాలిన చింతకాయ ఏరుకున్నట్టే.

స్టోర్ కీపర్‌ను నేను. వచ్చిన సరుకుకు జీఆర్ఎన్, అంటే సరుకు అందినట్టు చీటీ, రాయనిదే అది స్టాకు కిందికి రాదని కొత్త కుర్రవాళ్ళను ఎన్నిసార్లు మందలించానో లెక్కలేదు. ఊరికే వచ్చిన శాంపిల్ సరుకుకు కూడా ధర సున్నా వేసి పద్దు రాయించేవాణ్ణి. కాగితం మీద ఈ మోజు నాకు ఉద్యోగంలో వచ్చింది కాదు. ఉత్తర తెలంగాణవాళ్ళకు దుబాయి ఎలాగో మా వైపువాళ్ళకు బొంబాయి అలాగ. మా నాన్న కృష్ణా స్టేషన్‌లో రైలెక్కి, గుంపు మేస్త్రీ వెంట కాలువలు తవ్వడానికి, మేడలకు పునాదులు తీయడానికి వెళ్ళిన మనిషి. హాజరు పుస్తకం మేస్త్రీ దగ్గర ఉండేది, ఆయన రాసిందే లెక్క. నాన్న వేలి కణుపుల మీద రోజులు లెక్కపెట్టుకునేవాడు, ఆ లెక్క మేస్త్రీ లెక్కతో ఏనాడూ కలిసింది లేదు. అందుకే నన్ను బడి మాన్పించలేదు. నేను షార్జా వెళ్తుంటే ఆయన చెప్పింది ఒకే మాట, దేని మీదైనా నీ పేరు ఉందో లేదో చూసుకో అని. పన్నెండేళ్ళ జీతం చీటీలు ఒక్కటి పోకుండా ఫైలులో ఉన్నాయి. కొడుకుతో మాట్లాడించిన ఆటకు మాత్రం చీటీ లేదు.

ఇక వెతుకులాట. ఆట పేరు నాకు గుర్తులేదు, వాడికి అసలే తెలియదు, వాడికది పడవ ఆటే. ఆ అంగట్లో ఆటలకు గుర్తుమాటలు తగిలించి ఉంటాయి. పడవ, నది, రాత్రి, ప్రశాంతం అని ఇంగ్లీషులో ఒక్కొక్కటే కొడుతూ ఇద్దరం రెండు సాయంత్రాలు కూర్చున్నాం. లోకంలో ఇంతమంది పడవల ఆటలు ఎందుకు చేశారో తెలియదు. రెండో రోజు నేను బొమ్మలను దాటించుకుంటూ పోతుంటే వాడు నా మణికట్టు పట్టుకుని, "ఆగు, ఆ దీపం!" అన్నాడు. నేను దాన్ని చూసి కూడా దాటేసినట్టున్నాను. తెరిస్తే అదే. పేజీ ఉంది, ధర ఇంకా సున్నా. చేసినవారు దాన్ని తీసేసి ఉంటే అడగడానికి నా దగ్గర ఆధారమేమీ ఉండేది కాదు.

ఈసారి ఆ కింది వరస నొక్కలేదు. రెండు డాలర్లు వేశాను. అదీ ఒక పట్టాన కాలేదు. రిజర్వ్ బ్యాంక్ నిబంధన వల్ల కార్డులో విదేశీ చెల్లింపులు మనం తెరిచేదాకా మూసే ఉంటాయి. బ్యాంకు యాప్‌లో ఆ మీట ఎక్కడుందో వెతికి, తెరిచి, కట్టి, మళ్ళీ మూశాను. ఈమెయిల్‌కు రసీదు వచ్చింది. అరలో ఆట పేరు పడింది. దాని నకలు ఒక పెన్‌డ్రైవ్‌లో కూడా వేసి బీరువాలో జీతం చీటీల పక్కన పెట్టాను. నా భార్య నవ్వింది గానీ, 2024 డిసెంబరులో ఒక బొమ్మల కంపెనీ తరఫున వెళ్ళిన ఫిర్యాదుతో ఆ అంగడి చిరునామానే కొన్ని గంటలపాటు పనిచేయకుండా పోయింది. అంగడికే దిక్కులేని పూట అరలో మన పేరుండి ఏం లాభం?

ఒక్కటి మాత్రం రాలేదు. మేమిద్దరం దీపం దీపం దాటి చేరుకున్న చోటు పాత డిస్కులోనే ఉండిపోయింది. ఆట వచ్చింది గానీ మొదటి రేవు నుంచి. వాడు కాసేపు ముఖం ముడుచుకుని, తర్వాత ల్యాప్‌టాప్‌ను తన వైపు లాక్కున్నాడు. షార్జాలో ఆడేది నేను, చెప్పేది వాడు. ఇప్పుడు వాడి చేతిలో పడవ ఉంది, నేను పక్కన మంచం పట్టె మీద ఉన్నాను.

"ఎడమకు తిప్పు" అన్నాను. పడవ వెళ్ళి రాయికి తగిలింది.

"నువ్వు ఆలస్యంగా చెప్పావు నాయినా" అన్నాడు, తల తిప్పకుండానే.