బ్యాకులో నిలబడినవాడు

1974లో ఎనిమిదో తరగతిలో ఉండగా డ్రిల్లు మాస్టారు నన్ను ఫుట్‌బాల్ జట్టులోకి తీసుకున్నారు. తీసుకుని బ్యాకులో నిలబెట్టారు. ఆ రోజు నాకు ఏడుపొక్కటే తక్కువ. భుజాల మీద ఊరేగించేది గోల్ కొట్టినవాణ్ణే కదా, వెనకుండి బంతిని అడ్డుకునేవాణ్ణి ఎవరు తలుచుకుంటారు?

సాయంత్రం ఆటల గది ముందు మాస్టారు తోలు బంతిని మోకాళ్ల మధ్య పెట్టుకుని, పంటితో లేసు లాగి బిగిస్తున్నారు. నా గోడు విని బంతి పక్కన పెట్టారు. జేబులోంచి సుద్దముక్క తీసి వరండా గచ్చు మీద మైదానం గీశారు.

"జర్నైల్ సింగ్ పేరు విన్నావా?"

వినలేదు.

పంజాబీ పిల్లవాడు, 1936లో పుట్టాడు. దేశ విభజన నాటికి పదకొండేళ్లు. ఆ నెత్తురు దారిలో సరిహద్దు దాటి బతికి బయటపడ్డాడు. మాహిల్‌పూర్ ఖాల్సా కాలేజీలో ఆడి, కలకత్తా చేరి, 1959 నుంచి మోహన్ బగాన్ జట్టుకు గోడయ్యాడు. మరుసటి ఏడాది రోమ్ ఒలింపిక్స్‌లో ఫ్రాన్స్‌ను మనవాళ్లు 1-1తో నిలువరించిన జట్టులో ఉన్నాడు. ఇదంతా మాస్టారు రెండు నిమిషాల్లో ముగించారు. ఆయన చెప్పాలనుకున్నది జకార్తా గురించి.

1962 ఆసియా క్రీడలు. మొదటి మ్యాచ్‌లో దక్షిణ కొరియా చేతిలో 0-2తో ఓడాం. తర్వాత థాయ్‌లాండ్‌తో ఆడుతుండగా జర్నైల్ తలకు దెబ్బ తగిలింది, కుట్లు పడ్డాయి. ఎంత పెద్ద ఆటగాడైనా ఇక మంచమే అనుకోవాలి. కానీ సెమీ ఫైనల్‌కు తల చుట్టూ కట్టుతో వచ్చాడు. బ్యాకులో కాదు, గోల్ కొట్టే ముందు వరుసలో, సెంటర్ ఫార్వర్డ్‌గా! అక్కడా గోల్ కొట్టాడు. ఫైనల్లో మళ్లీ అదే దక్షిణ కొరియా. లక్ష మంది నిండిన మైదానం, వాళ్లలో ఎక్కువ మంది మనకు వ్యతిరేకంగా అరుస్తున్నారు. 17వ నిమిషంలో పీకే బెనర్జీ, 20వ నిమిషంలో జర్నైల్. ఆట 2-1తో ముగిసింది, బంగారు పతకం మనది.

"ఇక్కడ," అంటూ మాస్టారు గచ్చు మీద గోల్ ముందు సుద్దతో గట్టిగా ఒక చుక్క పెట్టారు. ఆ చుక్క పొడి నా వేలికి అంటుకోవడం ఇప్పటికీ గుర్తు.

బ్యాకును ముందుకు పంపిన ఆ కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీం మన హైదరాబాదు మనిషి, కాచిగూడ మిడిల్ స్కూల్లో పాఠాలు చెప్పిన ఉపాధ్యాయుడు. ఆ మాట చెప్పేటప్పుడు మాస్టారి గొంతు మారింది. అప్పటికే రహీంగారి ఒంట్లో క్యాన్సర్ ఉంది. మరుసటి ఏడాది జూన్‌లో కన్నుమూశారు. ఆ జట్టులో సికింద్రాబాద్ బలరాం, మన యూసుఫ్ ఖాన్ కూడా ఉన్నారని మాస్టారు వేళ్లు మడిచి లెక్కపెట్టారు. ఊరిపేరు చెప్పుకోవడానికి ఇంతకన్నా ఏం కావాలి?

ఆ రోజు నుంచి నేను బ్యాకును. మూడేళ్లు ఆడాను, ఒక్క గోల్ కొట్టలేదు. అంతర పాఠశాలల పోటీలో ఆఖరి నిమిషంలో గోల్ గీత మీద బంతిని తన్నేసినప్పుడు, మాస్టారు గట్టు మీంచి లేచి నిలబడ్డారు. నాకు దక్కిన ట్రోఫీ అది.

జర్నైల్ తర్వాత దేశ జట్టుకు, ఆసియా ఆల్ స్టార్స్ జట్టుకు నాయకుడయ్యాడని, 1964లో అర్జున అవార్డు అందుకున్నాడని పెద్దయ్యాక చదివాను. 2000 అక్టోబరులో కెనడాలోని వాంకూవర్‌లో చనిపోయాడు. వార్త చిన్నది, లోపలి పేజీలో మూల. కత్తిరించి, రిటైరై ఇంట్లో ఉన్న మాస్టారికి తీసుకెళ్లాను. అద్దాలు పెట్టుకుని రెండుసార్లు చదివారు.

"కుట్ల సంగతి రాయలేదేమిరా?"

రాయలేదు సార్, అన్నాను. చొక్కా జేబులోంచి పెన్ను తీసి, హాజరు పట్టీలో మా పేర్లు రాసిన అదే గుండ్రటి చేతిరాతతో, కాగితం అంచున రాశారు: "తలకు కుట్లతో ఆడాడు." తేదీ వేసి, మడిచి, నా చేతికిచ్చారు.