నీళ్ల మంత్రి రాజీనామా

మన బడిలో తొమ్మిదో తరగతి చదివిన ప్రతివాడూ ఏదో ఒక శాఖకి మంత్రిగా చేసినవాడే. గంట మంత్రి, చాక్‌పీసుల మంత్రి, చెట్ల మంత్రి. 1972లో నాకు నీళ్ల శాఖ వచ్చింది. వరండా చివర ఇసుకలో కుదురుగా కూర్చోబెట్టిన రెండు మట్టికుండలు, గొలుసుతో కట్టేసిన ఇత్తడి గ్లాసు, పొద్దున గంటసేపు మాత్రం వచ్చే కొళాయి. అంతే నా సామ్రాజ్యం.

ఆ ఎండాకాలం మద్రాసులో నీళ్లకి కటకట. క్లాసు మధ్యలో ఎవరూ కుండల దగ్గరికి వెళ్లకూడదని, ఇంటర్వెల్లోనే తాగాలని మా క్యాబినెట్ తీర్మానించింది. నేను వద్దన్నాను. మిగతావాళ్లు సరే అన్నారు. మధ్యాహ్నానికల్లా ఎస్.ఎస్.ఎల్.సి. (బడి ఆఖరి తరగతి) అన్నలు ఇద్దరు నా చొక్కా కాలరు పట్టుకున్నారు. ప్రాణభయంతో నిజం చెప్పేశాను: "నేను వద్దన్నానన్నా, వాళ్లే వినలేదు."

సోషల్ మాస్టారికి ఎవరు మోశారో ఈరోజుకీ తెలీదు. ఆయన కొట్టలేదు, తిట్టలేదు. నోటుబుక్కులోంచి ఒక తెల్లకాగితం చింపి నా ముందు పెట్టారు. "రాజీనామా రాయి." నేను బిక్కమొహం వేస్తే, "లోపల వద్దన్నందుకు కాదురా అబ్బాయ్. వద్దన్నానని బయట చెప్పుకున్నందుకు" అన్నారు. నా శాఖ రెండో బెంచీవాడికి పోయింది. రెండు రోజులు అన్నం సయించలేదు.

మర్నాటి పాఠం మంత్రివర్గం. ఒంగోలు వైపు మనిషి కదా మాస్టారు, ఏ పాఠమైనా తిరిగి తిరిగి టంగుటూరి ప్రకాశం పంతులు గారి దగ్గరికే వచ్చేది. కానీ ఆ రోజు ఆయన పంతులు గారిని పొగడలేదు. 1928లో సైమన్ కమిషన్‌కి ఎదురుతిరిగిన రోజున మన పారీస్ కార్నర్ దగ్గర తుపాకులకి ఛాతీ చూపించిన సంగతి మాకు కంఠతా వచ్చు. "అక్కడ ఆయన ఒక్కడే చాలు. సెక్రటేరియట్‌లో చాలడు" అని మొదలుపెట్టారు.

1937లో మద్రాసులో రాజాజీ మంత్రివర్గంలో పంతులు గారు రెవెన్యూ మంత్రి. జమీందారీల మీద విచారణ సంఘానికి అధ్యక్షుడై ఊరూరా రైతుల గోడు విన్నారు. 1939లో మనల్ని అడక్కుండానే ఇండియాని యుద్ధంలోకి దించారని కాంగ్రెస్ మంత్రివర్గం మొత్తం దిగిపోయింది. ఆయనా దిగారు. 1946 ఏప్రిల్ 30న తానే ప్రీమియర్ అయ్యారు. అప్పట్లో ముఖ్యమంత్రికి ఆ పేరు. గాంధీగారు రాజాజీ అయితే బాగుంటుందన్నారు, మద్రాసు కాంగ్రెస్ సభ్యులు వినలేదు. కామరాజ్ వర్గం తన మనిషిని నిలబెట్టింది, నెగ్గలేదు. ఆ మంత్రివర్గంలో వి.వి. గిరి ఉన్నారు, మద్రాసు రాష్ట్రానికి మొదటి మహిళా మంత్రి రుక్మిణీ లక్ష్మీపతి ఉన్నారు. పంతులు గారు ఫిర్కా (కొన్ని ఊళ్లు కలిసిన రెవెన్యూ విభాగం) అభివృద్ధి పథకం పెట్టారు. ఖద్దరు బతకాలంటే కొత్త బట్టల మిల్లులు వద్దని పట్టుబట్టారు. ఏడాది తిరక్కుండానే, 1947 మార్చిలో, కుర్చీ పోయింది.

"215 మంది ఉన్న అసెంబ్లీలో ఆయన్ని ఓడించింది ఎవరు?" అని మాస్టారు అడిగారు. నేను లేచి కమ్యూనిస్టులన్నాను. "కూర్చో, మాజీ మంత్రీ" అన్నారు. అసెంబ్లీలో ఎవరూ ఓడించలేదు. సొంత పార్టీ శాసనసభ్యులే నమ్మకం లేదన్నారు. సభలో మెజారిటీ పార్టీదే తప్ప మనిషిది కాదని నా తలకెక్కింది అప్పుడే.

1952 కథ చెప్పేటప్పుడు మాత్రం మాస్టారు కాస్త కోపంగానే ఉండేవారు. 375 సీట్లలో కాంగ్రెస్‌కి వచ్చినవి 152. మిగతా పార్టీలు చాలావరకు కూటమి కట్టి పంతులు గారిని నాయకుడిగా ఎన్నుకున్నాయి. పిలవాల్సింది గవర్నరు. ఆ గవర్నరు పేరు శ్రీప్రకాశ. ఆ ప్రకాశ ఈ ప్రకాశాన్ని పిలవకుండా, ఎన్నికల్లో నిలబడని రాజాజీని శాసనమండలికి నామినేట్ చేసి పిలిచారు. నా మటుకు నాకు ఆ పిలుపు ఇప్పటికీ అన్యాయంగానే తోస్తుంది. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రానికి పంతులు గారు మొదటి ముఖ్యమంత్రి కావడం, మద్యనిషేధం గొడవలో మరుసటేడు నవంబరులో సభలోనే ఒక్క ఓటు తేడాతో పడిపోవడం మీ అందరికీ తెలిసినవే.

తర్వాత నేను మద్రాసు సెయింట్ జార్జి కోటలో, సెక్రటేరియట్‌లోనే గుమాస్తాగా చేరాను. ఫైలుకి రెండు భాగాలుంటాయి. ఒకదాంట్లో వచ్చిన ఉత్తరాలు, రెండోదాంట్లో మా రాతలు. అసిస్టెంటు రాసినదాని కింద సెక్షన్ ఆఫీసరు, ఆ కింద అండర్ సెక్రటరీ, అలా సెక్రటరీ దాకా, ఆపైన మంత్రి. పెద్ద విషయమైతే క్యాబినెట్‌కి. "ఖజానా భరించలేదు" అని ఆర్థిక శాఖవాళ్లు రాస్తే, ఆ కిందే "భరించాలి" అని ఇంకో శాఖ రాసేది. ఎరుపు సిరా, ఆకుపచ్చ సిరా, మార్జిన్‌లో ప్రశ్నార్థకాలు. చివరికి బయటికొచ్చే జీ.ఓ.లో ఆ జగడం జాడే ఉండదు. గవర్నరు గారి ఉత్తర్వు ప్రకారం అని, ఒకే గొంతు. ఆ గవర్నరు గారు చాలా కాగితాలు కంటితో కూడా చూసి ఉండరు. మొదటిసారి అలాంటి జీ.ఓ. టైపు చేస్తుంటే నాకు మట్టికుండలు కళ్లముందు కదిలాయి. మంత్రులు ప్రమాణం చేసేటప్పుడు రెండోది రహస్యం కాపాడతామని ఎందుకు చేస్తారో కూడా అప్పుడే అర్థమైంది.

మాస్టారు పోయి చాలా ఏళ్లైంది. బ్రాడ్వేకి ప్రకాశం సాలై అని పేరు పెట్టారు గానీ బస్సు కండక్టరు బ్రాడ్వే అనే అరుస్తాడు. అది చూస్తే మాస్టారు ఏమనేవారో ఊహించగలను, రాయలేను.

నా తర్వాత నీళ్ల శాఖ పుచ్చుకున్న రెండో బెంచీవాడే ఈ సంచికకి సంపాదకుడు. కామరాజ్ గురించి నేను రాసిన రెండు పేజీలు తీసేశాడు. తీసేయాలన్నది సంపాదక వర్గం నిర్ణయం. అందులో నేనూ ఒక సభ్యుణ్ణి. కాబట్టి ఆ రెండు పేజీలూ మేమే తీసేశాం.