ఎడ్మండ్స్ పియానో మాస్టారు

నేను వీణ టీచర్ని. విజయనగరం సంగీత కళాశాలలో నేర్చుకున్నాను. పెళ్ళయ్యాక సియాటిల్ వైపు వచ్చి, బోతెల్‌లో మా ఇంట్లోనే పిల్లలకి పాఠాలు చెబుతున్నాను. ఇది ముందే చెప్పడానికి కారణం ఉంది. రిక్ స్టీవ్స్ అంటే అమెరికాలో చాలామందికి యూరప్ చూపించే టీవీ మనిషి. నాకు మాత్రం ఆయన ముందు పియానో మాస్టారు. ఆయన కార్యక్రమాలు ఎందుకంత హాయిగా ఉంటాయా అని ఆలోచించినప్పుడల్లా నా మనసు ఆ పియానో గది దగ్గరికే వెళ్తుంది.

ఆయన ఊరు ఎడ్మండ్స్, మాకు దగ్గరే. నీటి ఒడ్డున ఉన్న చిన్న ఊరు. కింగ్‌స్టన్ వెళ్ళే ఫెర్రీ అక్కడే ఎక్కుతాం. ఆ రేవు నుంచి నడిచి వెళ్ళేంత దూరంలో ఆయన ఆఫీసు ఉంటుంది. 1955లో కాలిఫోర్నియాలోని బార్‌స్టోలో పుట్టినా, చిన్నప్పుడే ఇటు వచ్చేశారు. స్కూలు ఇక్కడే, కాలేజీ ఇక్కడే, వ్యాపారం ఇక్కడే. ఏటా దాదాపు నాలుగు నెలలు యూరప్‌లో తిరిగి మళ్ళీ ఈ ఊరికే వస్తారు.

నేను వచ్చిన కొత్తలో నాది ఉద్యోగం చేసుకోవడానికి వీల్లేని వీసా. కేబుల్ పెట్టించుకోలేదు. యాంటెన్నాకి అందే చానళ్ళలో 9 నంబరు ఒకటి, ప్రేక్షకుల విరాళాలు తీసుకుని నడిచే పబ్లిక్ టీవీ. రిక్ కార్యక్రమం వచ్చేది అందులోనే. అప్పట్లో ఆ చానల్ పేరు కె.సి.టి.ఎస్., 2024 నుంచి కాస్కేడ్ పీబీఎస్. అమెరికన్ల ఇంగ్లీషు చెవికెక్కక అవస్థ పడుతున్న రోజుల్లో, ఈయన మాట్లాడేది మాత్రం ప్రతి ముక్కా అర్థమయ్యేది. టీచర్‌గా నాకు ఆ పద్ధతి వెంటనే పట్టుబడింది. ముందు పటం చూపిస్తారు. ఎక్కడున్నాం, ఎటు వెళ్తున్నాం అన్నది చెప్తారు. చరిత్ర ఒక్క ముక్కే చెప్తారు, అదీ ఎదురుగా కనిపించే గోడకో రాతికో ముడిపెట్టి. సంగీతంలో తొలి పాఠాలైన సరళీ వరసలు ముందు మొదటి కాలంలో, అంటే నెమ్మది నడకలో, స్థిరపడితే గానీ రెండో కాలానికి వెళ్ళనట్టు, ఊరి నడిబొడ్డున చౌరస్తా మనకి పరిచయమయ్యాకే సందుల్లోకి తీసుకెళ్తారు. అరగంట అయ్యేసరికి చూసినవాళ్ళకి 'అక్కడికి నేనూ వెళ్ళగలను' అనిపిస్తుంది. ప్రయాణాల కార్యక్రమాలు చాలా చూశాను. అందం చూపించేవాళ్ళు ఎక్కువ, ధైర్యం ఇచ్చేవాళ్ళు తక్కువ. ఈయన ధైర్యం ఇస్తారు.

వాళ్ళ నాన్నగారికి పియానోలతోనే పని. శ్రుతి చేసేవారు, జర్మనీ నుంచి తెప్పించి అమ్మేవారు. 1969లో పియానో ఫ్యాక్టరీలు చూడ్డానికి యూరప్ వెళ్తూ పద్నాలుగేళ్ళ కొడుకుని కూడా తీసుకెళ్ళారు. స్నేహితుల్ని వదిలి రావడం ఆ కుర్రాడికి బొత్తిగా ఇష్టం లేదట. నార్వేలో వాళ్ళ చుట్టాలున్నారు. మనిషి చంద్రుడి మీద కాలు పెట్టడం ఆ చుట్టాలింట్లోనే టీవీలో చూశాడు. అలాగే ఓస్లోలో ఒక పార్కులో తల్లిదండ్రులు తమ పిల్లల్ని ముద్దు చేయడం చూసి, మా అమ్మానాన్నలకి నేను ఎంతో వీళ్ళకి వీళ్ళ పిల్లలూ అంతే కదా అనుకున్నాడు. లోకమంతా ఇలాంటి పిల్లలే ఉన్నారని ఆరోజు తట్టిందని ఆయన ఇప్పటికీ ఉపన్యాసాల్లో చెప్తారు. పద్నాలుగేళ్ళ పిల్లల్ని రోజూ ఎదుట కూర్చోబెట్టుకునే నాకు ఆ మాట మీద పూర్తి నమ్మకం. ఆ వయసులో లోపలికి వెళ్ళింది పోదు.

హైస్కూలు అయిపోగానే 1973లో, పెద్దవాళ్ళు లేకుండా, స్నేహితుడు జీన్ ఓపెన్‌షాతో కలిసి యూరప్ తిరిగొచ్చారు. యూనివర్సిటీ ఆఫ్ వాషింగ్టన్‌లో వ్యాపార పరిపాలన, యూరప్ చరిత్ర చదివారు. ఖర్చులకి పియానో పాఠాలు చెప్పుకునేవారు. పాఠాల డబ్బు కూడబెట్టడం, ఎండాకాలం రాగానే యూరప్ వెళ్ళిపోవడం, ఇదే వరస.

1978 వేసవి మాత్రం వేరు. ఇరవై మూడేళ్ళ రిక్, ఆ జీన్ ఇద్దరూ ఇస్తాంబుల్‌లో బస్సెక్కారు. ఇరాన్, అఫ్గానిస్తాన్, పాకిస్తాన్, మన దేశం దాటుకుంటూ కాఠ్మండూ చేరారు. అప్పట్లో హిప్పీలు పోయే దారి అది. రాజు షా పాలన కూలబోయే ముందు ఇరాన్‌నీ, ఏప్రిల్లో జరిగిన సైనిక తిరుగుబాటు ఇంకా తాజాగా ఉన్న కాబూల్‌నీ చూశారు. మరుసటి ఏడాది ఇరాన్‌లో విప్లవం, ఏడాది చివర అఫ్గానిస్తాన్‌లోకి సోవియట్ సైన్యం. ఆ దారి మూసుకుపోయింది. అలా వెళ్ళగలిగిన చివరి బ్యాచీల్లో వీళ్ళొకరు.

కాబూల్‌లో భోజనం దగ్గర జరిగిన ఒక సంగతి ఆయన నోట చాలాసార్లు విన్నాను. హోటల్లో ఒక పెద్దాయన వచ్చి బల్ల దగ్గర కూర్చుని, తాను ఇక్కడ ప్రొఫెసర్నని పరిచయం చేసుకున్నారట. ప్రపంచంలో మూడో వంతు మంది మీలాగా చెంచాలు ఫోర్కులతో తింటారు, మూడో వంతు పుల్లలతో తింటారు, మూడో వంతు మాలాగా చేత్తో తింటారు, నాగరికతలో మాత్రం అందరం ఒకటే అని చెప్పి వెళ్ళిపోయారట. మా నాన్న ఇక్కడికి వచ్చినప్పుడు పక్కింటి అమెరికన్ దంపతుల్ని భోజనానికి పిలిచాం. పప్పన్నం చెంచాతో తినడానికి నాన్న పడుతున్న తంటా చూసి, వాళ్ళ ఎదుటే ఈ కాబూల్ సంగతి చెప్పాను. నాన్న చెంచా పక్కన పెట్టి, చేత్తో కలుపుకుంటూ "ఆ ప్రొఫెసరు బాగా చెప్పాడమ్మా" అన్నారు. నాన్న జీవితమంతా స్కూలు మాస్టారుగా పనిచేసిన మనిషి.

ఇంకో మాట కూడా మనవాళ్ళకి చెప్పాలి. బతుకంతా యూరప్‌తో ముడిపెట్టుకున్న ఈయనని, మీకు బాగా ఇష్టమైన దేశం ఏదని అడిగితే ఇండియా అంటారు. తనకున్న అభిప్రాయాలన్నిటినీ కుదిపి వేరే చోట పెట్టిందని చెప్తారు.

ఆ ప్రయాణం నుంచి వచ్చాక పియానో శిష్యుల్ని ఒక్కొక్కరినీ వదులుకుంటూ వచ్చారు. పిల్లల కచేరీలు జరిగే గదిలో ప్రయాణం ఎలా చేయాలో పాఠాలు మొదలయ్యాయి. యూనివర్సిటీలో విద్యార్థులు నడిపే క్లాసుల్లోనూ చెప్పారు. ఆ పాఠాల నోట్సే 1980లో పుస్తకమైంది, తన డబ్బుతో తనే అచ్చువేయించారు. పేరు 'యూరప్ త్రూ ద బ్యాక్ డోర్'. వీధి గుమ్మంలోంచి కాకుండా పెరటి గుమ్మంలోంచి యూరప్‌లోకి వెళ్ళడం అన్నమాట. పెరటి వైపు నుంచి వచ్చేవాళ్ళు అయినవాళ్ళే కదా. ఆ పుస్తకానికి ఐ.ఎస్.బి.ఎన్. నంబరు (అచ్చయిన పుస్తకాలకి ఇచ్చే గుర్తింపు సంఖ్య) కూడా లేకపోవడంతో సమీక్షకులు అది అసలు పుస్తకానికి ముందు పంపే నమూనా ప్రతి అనుకున్నారట.

ఆయన టీవీలోకి 1991లో వచ్చారు. మొదటి కార్యక్రమం 1998 దాకా నడిచింది. 2000 నుంచి 'రిక్ స్టీవ్స్ యూరప్'. రాసేది ఆయనే, కెమెరా ముందు నిలబడేది ఆయనే, నిర్మాతల్లోనూ ఒకరు. చాలాకాలంగా సైమన్ గ్రిఫిత్ నిర్మాత, దర్శకుడు. రిక్, సైమన్, ఒక కెమెరామన్. ముగ్గురే! ఊళ్ళో తెలిసిన గైడు ఒకరు తోడుంటారు. అరగంట ఎపిసోడ్‌కి సుమారు ఆరు రోజుల షూటింగ్, అంటే రోజంతా కష్టపడితే తెరమీదకి వచ్చేది అయిదు నిమిషాలు. స్క్రిప్టు ముందే రాసుకుని వెళ్తారు, అక్కడ కనిపించినదాన్ని బట్టి రాత్రిళ్ళు కూర్చుని దిద్దుతారు. చూసేవాళ్ళకి ఆ దిద్దుబాటు తెలీదు. మనిషి మామూలు నీలం చొక్కాలో వచ్చి, చేతులు కాస్త ఎక్కువ ఊపుతూ మాట్లాడేసి వెళ్ళినట్టే ఉంటుంది. ఒక కీర్తన తేలిగ్గా వినిపించాలంటే వెనక ఎంత సాధన ఉండాలో మాకు తెలుసు.

ఈ ఎపిసోడ్లని పబ్లిక్ టీవీ స్టేషన్లకి ఉచితంగా ఇస్తారు. పైగా విరాళాలు అడిగే రోజుల్లో తనే స్టేషన్‌కి వచ్చి కూర్చుని ప్రేక్షకుల్ని అడుగుతారు. మరి డబ్బు ఎక్కడి నుంచి అంటే, గైడు పుస్తకాలు, టూర్లు. 2019 నాటికి ఏడాదికి 30,000 మందికి పైగా ఆయన సంస్థ బస్సుల్లో యూరప్ తిరిగేవారు. పబ్లిక్ టీవీకీ రేడియోకీ ఇవ్వాల్సిన ఫెడరల్ నిధులు సుమారు 110 కోట్ల డాలర్లని 2025లో అమెరికా కాంగ్రెసు రద్దు చేసింది. మాలాంటి వాళ్ళకి ఇంగ్లీషు నేర్పింది, మా పిల్లలకి అక్షరాలు నేర్పింది ఆ చానళ్ళే. అందుకే ఆయనలా ఊరూరా వెళ్ళి అడగడం నాకు గొప్పగా అనిపిస్తుంది.

ఆయన పనిలో నేను అన్నిటికంటే ఎత్తున పెట్టేది ఇరాన్ మీద తీసిన గంట కార్యక్రమం. యుద్ధం వస్తుందేమోనని ఇక్కడ అందరూ మాట్లాడుకుంటున్న రోజులవి. ఐక్యరాజ్యసమితి అసోసియేషన్‌లో ఉన్న స్నేహితుడొకరు, రెండు దేశాల మధ్య అవగాహన పెరగడానికి నువ్వేం చేయగలవని అడిగారట. 2008లో వెళ్ళి తీసుకొచ్చారు, 2009 జనవరిలో ప్రసారమైంది. పాత అమెరికన్ ఎంబసీ గోడల మీది శత్రుత్వపు బొమ్మలు దాచలేదు, చూపించారు. బజార్లో ఆప్యాయంగా పలకరించిన జనాన్నీ చూపించారు. ఇరాక్‌తో జరిగిన యుద్ధంలో చనిపోయిన కుర్రాళ్ళ శ్మశానానికీ తీసుకెళ్ళారు. సమాధి సమాధికీ ఒక ఫోటో. మనం ఎవరి మీద బాంబులు వేయాలనుకుంటామో ముందు వాళ్ళ ముఖాలు చూడాలి అన్నది ఆయన ఉద్దేశం. ఓస్లో పార్కులో కలిగిన ఆలోచనే ఇక్కడిదాకా వచ్చింది. తర్వాత 2018లో యూరప్‌లో ఫాసిజం ఎలా పెరిగిందో చెప్పిన కార్యక్రమం కూడా అంతే సూటిగా ఉంటుంది. హోటళ్ళు, భోజనాల గురించి చెప్పుకుంటూ ఎవరినీ నొప్పించకుండా గడిపేయగల మనిషి, ఆ దారి వదిలి ఇటు వచ్చారు.

సంపాదించినదాన్ని ఏం చేశారన్నది లిన్‌వుడ్‌లో చూడొచ్చు. ఆల్డర్‌వుడ్ మాల్ ఉన్న ఊరు, ఇక్కడి తెలుగువాళ్ళందరికీ తెలుసు. అక్కడ 24 ఇళ్ళ అపార్ట్‌మెంట్ కొని, ఇల్లు లేని తల్లులూ పిల్లలూ ఉండటానికి చాలా ఏళ్ళు వాడుకోనిచ్చారు. 2017లో సుమారు 40 లక్షల డాలర్ల ఆ ఆస్తిని మహిళలకి అండగా నిలిచే వై.డబ్ల్యు.సి.ఎ. సంస్థకి రాసి ఇచ్చేశారు. 2020లో కోవిడ్ వచ్చి టూర్లన్నీ రద్దయినప్పుడు కట్టినవాళ్ళకి డబ్బు వెనక్కిచ్చారు, వందమంది దాకా ఉన్న సిబ్బందిని తీసేయకుండా జీతాలిచ్చి, ఊళ్ళో సేవా పనులకి పంపారు.

నాకు సమాధానం దొరకని విషయం ఒకటుంది. ఆయన చూపించిన పెరటి గుమ్మాల ముందు ఇప్పుడు వరసలు కడుతున్నారు. ఇటలీలో వెర్నాజ్జా ఒకప్పుడు జాలరుల పల్లె. చింక్వె తెర్రె అనే సముద్రతీరపు అయిదు ఊళ్ళలో అది తనకి ప్రాణమని ఆయన చెప్పీ చెప్పీ, రైలు ఆగితే ప్లాట్‌ఫారం నిండిపోయే స్థితి వచ్చింది. కారణం ఆయనొక్కరే కాదు గానీ, ఆయన పాత్ర ఉంది, ఆయనా ఒప్పుకుంటారు. విమానాల కాలుష్యానికి 2019 నుంచి టూరుకి వచ్చే ఒక్కొక్కరికీ 30 డాలర్ల లెక్కన సంస్థ లాభంలోంచి తీసి పర్యావరణ పనులకి ఇస్తున్నారు. మంచిదే. జనం తాకిడికి మాత్రం ఆ లెక్క సరిపోదు. తెలిసిన విద్యని అందరికీ పంచడం గురువు ధర్మమే, పంచాక ఆ చోటు పాతచోటులా ఉండదన్నదీ నిజమే. ఈ రెంటిలో దేన్నీ నేను కాదనలేను.

2024 ఆగస్టులో తనకి ప్రోస్టేట్ క్యాన్సర్ వచ్చిందని ఆయనే ప్రకటించారు. ఆపరేషన్ అయింది. 2025 ఫిబ్రవరిలో క్యాన్సర్ లేదని తేలింది. అదే నెలలో 1978 ప్రయాణపు డైరీ పుస్తకంగా వచ్చింది. కోవిడ్ రోజుల్లో ఇంట్లో దొరికిన డైరీ అది. ఇరవై మూడేళ్ళ పియానో మాస్టారు రాసుకున్నది దాదాపు అలాగే ఉంచారు. మా శిష్యుల తల్లిదండ్రులకి అది తప్పకుండా చదవమని చెప్తున్నాను.

వేసవిలో యూరప్ అనుకుంటున్నవాళ్ళు చాలామంది ఇది చదువుతారని తెలుసు. వారం రోజుల్లో ఏడు దేశాలు, బస్సులోనే సాంబారన్నం అనే టూరుకి డబ్బు కట్టేముందు ఆయన ఎపిసోడ్లు రెండు మూడు చూడండి. ఆయన సైట్లోనూ యూట్యూబ్‌లోనూ డబ్బు కట్టక్కర్లేకుండా ఉన్నాయి. శాకాహారులకి భోజనాల భాగం అంతగా ఉపయోగపడదు, ఆ మేరకి మనమే వెతుక్కోవాలి. ఒక్క దేశం, రెండు ఊళ్ళు చాలు. రోమ్ వెళ్తున్నట్టయితే ఆడియో గైడు యాప్ ఇక్కడే ఫోన్‌లోకి దింపుకోండి. పాంథియన్, కొలోసియం, రోమన్ ఫోరం మూడింటికీ పాఠాలున్నాయి. ఇంటిల్లిపాదికీ తలో జత ఇయర్‌ఫోన్లు పెట్టుకోండి.