ఏ అణువుకి వ్యతిరేకం, తల్లీ?

జర్మనీలో మేముండే ఫ్రైబుర్గ్‌లో ఒక పసుప్పచ్చ స్టిక్కర్ కనిపించని వీధి ఉండదు. మధ్యలో ఎర్రటి సూర్యుడు నవ్వుతుంటాడు, చుట్టూ "ఆటోమ్‌క్రాఫ్ట్? నైన్ డాంకె" అని ఉంటుంది, అంటే అణు కరెంటా, మాకొద్దండీ అని. 1975లో డెన్మార్క్‌లో ఆనె లుండ్ అనే అమ్మాయి గీసిన బొమ్మ, అక్కణ్ణుంచి ఎన్నో భాషల్లోకి పోయింది. మనవైపు ఆటోల వెనకాల దేవుడి బొమ్మ ఎలాగో ఇక్కడ సైకిళ్ల మీద, పోస్టు డబ్బాల మీద ఇది అలాగ. ఎవరూ ఆగి చదవరు, ఎవరికీ గొడవా లేదు.

పదమూడేళ్ల మా పెద్దది స్కూల్లో ప్రెజెంటేషన్‌కి ఈ అణు వ్యతిరేకతనే టాపిక్‌గా ఎంచుకుంది. దాని లెక్కలో అది తేలికైన టాపిక్, ఊళ్లో ఎవర్ని అడిగినా చెప్తారు. మా ఇంట్లోనే అది తేలిక కాదు. మా నాన్న హైదరాబాద్ ఎన్‌ఎఫ్‌సీలో, అదే న్యూక్లియర్ ఫ్యూయల్ కాంప్లెక్స్‌లో, రిటైరయ్యేదాకా పనిచేశారు. నేను తిన్న తిండీ చదివిన చదువూ ఆ జీతంలోంచి వచ్చినవే. మా ఆయనది శ్రీకాకుళం జిల్లా, అత్తయ్య పుట్టిల్లు రణస్థలం వైపు, అంటే కొవ్వాడ అణు విద్యుత్ కేంద్రం కడతామంటున్న చోటికి దగ్గర. మధ్యలో ఈ పిల్ల, అటు చుట్టరికం, ఇటు చుట్టరికం, మెడలో స్కూలు బ్యాగు, దాని మీద ఆ నవ్వే సూర్యుడు.

పిల్లలకి మన భాష ఎలా నేర్పాలి, పప్పన్నం ఎలా అలవాటు చెయ్యాలి అని మనం ఎక్కడ కలిసినా మాట్లాడుకుంటాం. తాత పనిచేసిన ఫ్యాక్టరీకి వ్యతిరేకంగా పిల్ల క్లాసులో మాట్లాడబోతుంటే ఏం చెయ్యాలో ఎవరూ చెప్పరు. దాన్ని ఆపాలని నాకు ఒక్క క్షణం కూడా అనిపించలేదు, అది మాత్రం ముందే చెప్తున్నా. నేను అడిగింది ఒకటే: దేనికి వ్యతిరేకం? బాంబుకా, కరెంటుకా, యురేనియం గనికా, మిగిలిపోయే చెత్తకా? "అన్నిటికీ" అంది. ఇక్కడి పిల్లలకి అది ఒకే ముద్ద. నాకు అలా మింగుడు పడదు.

ముందు ఇక్కడివాళ్ల సంగతి చెప్తాను, ఎందుకంటే వాళ్లది గాలివాటు వ్యతిరేకత కాదు. మా ఊరికి ముప్ఫై కిలోమీటర్ల దూరంలో, రైన్ నది ఒడ్డున వీల్ అని చిన్న ఊరుంది. అక్కడ అణు విద్యుత్ కేంద్రం కట్టడానికి 1975 ఫిబ్రవరిలో పనులు మొదలుపెడితే చుట్టుపక్కల ద్రాక్షతోటల రైతులు, ఇల్లాళ్లు, చర్చి ఫాదర్లు, ఫ్రైబుర్గ్ స్టూడెంట్లు వేలమంది కంచె దాటి లోపలికి వెళ్లి కూర్చున్నారు. రైతుల భయం రేడియేషన్ గురించి ఎంతో, కూలింగ్ టవర్ల ఆవిరి వల్ల మంచు కమ్మి ద్రాక్ష పాడవుతుందని కూడా అంతే. నెలల తరబడి ఆ అడవిలోనే ఉన్నారు, అక్కడే పాక వేసి సాయంత్రాలు క్లాసులు కూడా నడిపారు. కేంద్రం కట్టనేలేదు. ఇప్పుడది రక్షిత అడవి. వాళ్ల నినాదం ఈ ప్రాంతపు యాసలో "నై హెమ్మర్ గ్జైట్", అంటే వద్దన్నాం కదా అని. మా ఆయన దాన్ని చదవగానే "వద్దన్నాం కదేటి" అన్నాడు. అంతకన్నా మంచి అనువాదం నాకింతవరకు దొరకలేదు.

మా ఇంటి ఓనరమ్మ అప్పుడు కాలేజీ పిల్ల, ఆ అడవిలో చలికి వణుకుతూ సూప్ వండిందట. 1986లో చెర్నోబిల్ పేలినప్పుడు ఆవిడకి చంటిబిడ్డ. వాన పడితే ఇంట్లోకి లాక్కురావడం, ఇసుకలో ఆడనివ్వకపోవడం, తాజా పాలు మానేసి పేలుడుకు ముందు తయారైన పాలపొడి డబ్బా కోసం కొట్లన్నీ తిరగడం, పాలకూర దున్నేసిన పొలాలు, ఇవన్నీ నిన్న జరిగినట్టు చెప్తుంది. ఆ మనిషి ముందు కూర్చుని టన్నుకి ఎన్ని యూనిట్లు వస్తాయో లెక్కలు చెప్పడం నావల్ల కాలేదు. 2011లో జపాన్‌లో ఫుకుషిమా అణు ప్రమాదం తర్వాత మెర్కెల్ ప్రభుత్వం రియాక్టర్లన్నీ మూసేయాలని నిర్ణయించింది, చివరి మూడూ 2023 ఏప్రిల్ 15న ఆగాయి. ఆ రాత్రి ఆవిడ మా అందరికీ కేకు పంచింది. అంతకుముందే, 2020లో, నదికి అవతల ఫ్రాన్స్ వైపున్న ఫెస్సెన్‌హైమ్ కూడా మూతపడింది, మా ఇంటికి అది పాతిక కిలోమీటర్లు.

కేకు నేనూ తిన్నాను. నాకు గుర్తొచ్చింది మాత్రం మిఠాయి.

1998 మే. పోఖ్రాన్‌లో పరీక్షలు జరిగాయి, 11న, మళ్లీ 13న. నాకు పదో తరగతి పరీక్షలైపోయిన సెలవులు. ఈసీఐఎల్ చుట్టుపక్కల కాలనీల్లో ఎవరింటికెళ్లినా చేతిలో లడ్డూ పెట్టేవాళ్లు. నాన్న బాంబు మనిషి కాదు, ఆయన విభాగంలో చేసేది కరెంటు కేంద్రాలకి ఇంధనం. కానీ ఆ రోజు వీధిలో ఎవరూ అలా విడదీసి మాట్లాడలేదు, అణువు అంటే ఒకటే, అది గర్వం. 1974 పరీక్ష తర్వాత పై దేశాలు మనకి ఏమీ ఇవ్వం పొమ్మంటే అన్నీ ఇక్కడే చేసుకున్నాం అనేది మా ఇంట్లో అన్నం తింటూ విన్న కథ. వ్యతిరేకించేవాళ్లంటే మాకు అప్పట్లో తెలిసినవాళ్లు ఎవరూ లేరు, ఎక్కడో పేపర్లో ఫారిన్ డబ్బు తీసుకునేవాళ్లు, అంతే. ఎంత అన్యాయపు మాటో ఇప్పుడు తెలుస్తుంది, అప్పుడు అది గాలిలో ఉండేది.

ఆదివారం వీడియో కాల్‌లో పెద్దది తాతయ్యని సూటిగానే అడిగింది. "తాతయ్యా, నేను అణు వ్యతిరేకిని, నీకు కోపమా?" నాన్న నవ్వారు. "ఏ అణువుకి వ్యతిరేకం తల్లీ? మన సైన్సు పుస్తకంలో అణువంటే మాలిక్యూల్. నీళ్లలో ఉండేదీ అణువే. నువ్వు నీళ్లు తాగడం మానేశావా?" ఆయన తెలుగు మీడియం. ఆటమ్‌ని పరమాణువు అనీ, మధ్యలో ఉండేదాన్ని కేంద్రకం అనీ చదువుకున్న మనిషి. పగిలేది కేంద్రకమైతే కరెంటుకి మాత్రం అణు విద్యుత్ అని పేరెందుకు పెట్టారో ముప్ఫై ఏళ్లు అందులోనే పనిచేసినా నాకు అంతుపట్టలేదు అంటారు. జర్మన్‌లో ఇంకో తమాషా ఉంది, వద్దనేవాళ్లు ఆటోమ్‌క్రాఫ్ట్ అంటారు, కావాలనేవాళ్లు కెర్న్‌క్రాఫ్ట్ అంటారు, కెర్న్ అంటే గింజ, కేంద్రకం. నోరు తెరవగానే ఏ పార్టీయో సగం తెలిసిపోతుంది. ఆ లెక్కన మా నాన్న కెర్న్ పార్టీ.

తర్వాత ఆయన రెండు అరచేతులూ కెమెరాకి ఎదురుగా అర మీటరు ఎడంగా పెట్టి, ఫ్యూయల్ బండిల్ ఇంతే ఉంటుందని చూపించారు. పంతొమ్మిది సన్నటి జిర్కోనియం గొట్టాలు కట్టగా ఉంటాయి, ఒక్కో గొట్టంలో నల్లటి యురేనియం బిళ్లలు వరసగా పేరుస్తారు, రెండు కొసలూ వెల్డింగ్ చేసి మూసేస్తారు. ఆ వెల్డింగ్‌లో వెంట్రుకవాసి పగులున్నా పక్కన పెట్టెయ్యాలి. రియాక్టర్లోకి వెళ్లకముందు ఆ బిళ్లని చేత్తో పట్టుకున్నా ఏం కాదు, బయటికొచ్చాక దాని దగ్గరికి ఎవడూ వెళ్లలేడు అన్నారు. పెద్దది నోట్సు రాసుకుంటోంది. "మరి బయటికొచ్చాక ఎక్కడ పెడతారు?" అంది. నీళ్లలో చల్లారబెట్టి, మన దేశంలో అయితే రీప్రాసెస్ చేస్తాం, అంటే మళ్లీ పనికొచ్చేదాన్ని వేరు చేస్తాం, మిగిలింది గాజులో కలిపి గట్టిపరుస్తాం అని చెప్పారు. "ఆ తర్వాత?" అంది. ఇదే ప్రశ్న మీద జర్మనీ గోర్లెబెన్ ఉప్పుగనిలో ఆ చెత్త పాతిపెట్టొచ్చా లేదా అని నలభై ఏళ్లకి పైగా కొట్టుకుని, చివరికి 2020లో ఆ చోటు పనికిరాదని తేల్చింది. తాతయ్య అది ఒప్పుకున్నారు. ఒప్పుకుని, "మరి మీ ఊళ్లో గాలి లేని చలికాలం రాత్రి కరెంటు ఎక్కణ్ణుంచి వస్తోందో కూడా రాసుకో" అన్నారు. బొగ్గు, గ్యాసు, ఇంకా ఫ్రాన్స్ నుంచి కొంత. ఫ్రాన్స్‌లో ఎక్కువ భాగం అణు కరెంటే. పిల్ల మొహం చూడాలి.

ఇక అత్తయ్య. ఆవిడకి అణువు గురించి ఏ అభిప్రాయమూ లేదు, భూమి గురించి ఉంది. కొవ్వాడలో ఆరు రియాక్టర్లు, ఒక్కోటి 1,208 మెగావాట్లు, అమెరికా వెస్టింగ్‌హౌస్ డిజైన్‌వి పెడతామని ఏళ్ల తరబడి చెప్తున్నారు. భూసేకరణ అన్నారు, పునరావాసం అన్నారు, ఊళ్లు అలాగే ఉన్నాయి, రియాక్టర్లు లేవు. "పిల్లకి సంబంధం చూద్దామంటే ఊరుంటాదో లేదో అని అడుగుతున్నారే" అని అక్కడి చుట్టాల మాటగా చెప్పింది అత్తయ్య. ఇల్లు బాగుచేయించుకోవాలా వద్దా తెలియదు. చేపలవేట తప్ప వేరే పని రానివాళ్లని సముద్రానికి దూరంగా కాలనీలో పెడితే ఏం తింటారు? రేడియేషన్ అనే మాట ఆవిడ నోట ఒక్కసారి కూడా రాలేదు. వీల్ రైతుల ద్రాక్షతోటలకీ ఈవిడ మాటకీ చాలా దగ్గర పోలిక ఉందని పెద్దదే పట్టుకుంది, నేను చెప్పలేదు.

నేను చెప్పింది ఇంకొకటి. ఇక్కడ ఆ స్టిక్కర్‌కి ఖర్చు ఒక యూరో. తమిళనాడులో కూడంకుళం అణు విద్యుత్ కేంద్రం పక్కన ఇడింతకరై ఊళ్లో అదే మాట అన్నందుకు 2011, 12 ప్రాంతంలో వేలమంది మీద రాజద్రోహం కేసులు పెట్టారు, వాళ్లలో చాలామంది జాలర్లు, ఆడవాళ్లు. పాస్‌పోర్టు కోసం, ఉద్యోగం కోసం వెళ్లినప్పుడు ఆ కేసు అడ్డం వచ్చేది. ఒకే మాట, రెండు చోట్ల రెండు ధరలు. పిల్ల చాలాసేపు మాట్లాడలేదు, తర్వాత "మరి తాతయ్యకి ఇది తెలుసా?" అంది. తెలుసు. దాని గురించి ఆయనా నేనూ మాట్లాడుకోం.

కడప జిల్లా తుమ్మలపల్లె గురించి మాత్రం ఆయనే మొదలెట్టారు, అది నేను ఊహించలేదు. అక్కడి గనిలోంచి తీసి శుద్ధి చేసిన యురేనియం ఎన్‌ఎఫ్‌సీకే వస్తుంది. వ్యర్థాల చెరువు నీళ్లు ఇంకి బోర్లు పాడయ్యాయని, అరటితోటలు దెబ్బతింటున్నాయని చుట్టుపక్కల రైతులు ఎప్పట్నుంచో మొత్తుకుంటున్నారు, సంస్థ కాదంటుంది. "మా దగ్గరికి వచ్చేసరికి అది శుభ్రమైన పొడి అమ్మా, దాని వెనకాల ఎవరి బావి ఉందో మాకు కనపడేది కాదు" అన్నారు. నల్లమలలో 2019లో యురేనియం సర్వే అన్నప్పుడు చెంచులు, అమ్రాబాద్ ఊళ్లు, సినిమావాళ్లు అందరూ వద్దని లేచారు, సెప్టెంబరులో తెలంగాణ అసెంబ్లీ కూడా వద్దని తీర్మానం చేసింది. అప్పుడు నాన్న కూడా "అడవి జోలికి పోకూడదు" అన్నారు. కరెంటు కావాలి, గని వద్దు. ఆయన్ని ఏ పార్టీలో వెయ్యాలి?

ఈ హడావిడి మధ్యలో నాకు కీళ్లనొప్పులని డాక్టర్ రక్తపరీక్ష రాసింది. రిపోర్టులో "యాంటీన్యూక్లియర్ యాంటీబాడీస్" అని చూసి పెద్దది గంతులేసింది, అమ్మా నీ రక్తం కూడా మా పార్టీయే అని. అక్కడ న్యూక్లియర్ అంటే కణంలోని కేంద్రకం, ఒంట్లోని రక్షణ వ్యవస్థ సొంత కణాల మీదే తిరగబడుతోందేమో చూసే పరీక్ష. స్వల్పంగా పాజిటివ్ ఆరోగ్యంగా ఉన్నవాళ్లలో కూడా వస్తుందట, నాదీ అంతేనని తేల్చారు, టెన్షన్ తీరింది. అత్తయ్యకి చెప్తే, న్యూక్లియర్ ఫ్యామిలీకి నేను పెళ్లైన దగ్గర్నుంచీ వ్యతిరేకినే, నాకు పరీక్ష అక్కర్లేదు అంది. ఆ దెబ్బ ఎవరికో మాకు తెలుసు, మా ఆయన వెంటనే వంటింట్లోకి వెళ్లిపోయాడు.

ప్రెజెంటేషన్ పోయిన నెల అయింది. బాంబుకి వ్యతిరేకం, నల్లమలలో గనికి వ్యతిరేకం, అడక్కుండా ఊళ్లు ఖాళీ చేయించడానికి వ్యతిరేకం, రియాక్టర్ సంగతి ఇంకా తేల్చుకోలేదు అని చెప్పి కూర్చుందట. ఫ్యూయల్ బండిల్‌ని అట్టముక్కలతో, పంతొమ్మిది స్ట్రాలతో చేసి తీసుకెళ్లింది. తేల్చుకోలేదు అన్నందుకు ఒకరిద్దరు పిల్లలు గట్టిగానే పట్టుకున్నారు, నువ్వు అణు లాబీ మనిషివా అని. "మా తాతయ్య, అవును" అందట. నిర్ణీత సమయం దాటిందని ఒక గ్రేడు తగ్గించారు. తాతయ్యకి ఇప్పుడు అదంతా తెలుగులో వినాలని ఉంది, ఈ ఆదివారం కాల్‌కి అత్తయ్యని కూడా కలపమన్నారు. పెద్దది స్లైడ్లు మారుస్తోంది, కొవ్వాడ స్లైడ్‌లో వేట పడవ ఫోటో కావాలని నానమ్మని అడిగింది, ఆవిడ ఇప్పటికి పదకొండు పెళ్లి ఫోటోలు పంపింది.