పాట లేని రేసు

బాబాయి దుబాయ్ నుంచి తెచ్చిన ప్లేస్టేషన్ ఎప్పుడో మూలపడింది. డిస్కులు మాత్రం అమ్మ బీరువాలో చీరల కింద భద్రంగా ఉన్నాయి. అవీ పాడవకముందే కంప్యూటర్‌లోకి ఎక్కించి, ఎమ్యులేటర్‌లో (పాత గేమ్ మెషీన్‌లా పనిచేసే ప్రోగ్రామ్) ఆడుకుందామని కూర్చున్నా.

ముందు చేతికొచ్చింది రిడ్జ్ రేసర్. 1994లో జపాన్‌లో ప్లేస్టేషన్‌తో పాటే విడుదలైన ఆట. డిస్కుని ఐఎస్ఓగా, అంటే ఒకే ఫైలుగా కాపీ చేసి, సీహెచ్‌డీమ్యాన్ అనే టూల్‌తో సీహెచ్‌డీ అనే చిన్న ఫైలుగా కుదించా. మేమ్ అనే ఎమ్యులేటర్‌తో పాటు ఉచితంగా వచ్చే టూల్ ఇది. ఒక్క బైటు కూడా పారేయకుండా కుదిస్తుంది. జిప్‌లా మొత్తం విప్పే పని లేదు, ముక్కలుముక్కలుగా దాస్తుంది కాబట్టి ఎమ్యులేటర్ కావలసిన ముక్కే తెరుచుకుంటుంది. ఫైలు సరిగ్గా ఉందో లేదో చూసే వెరిఫై కొట్టా. ఏ తప్పూ లేదంది.

ఆట మొదలైంది. ఇంజన్ హోరు, మలుపులో టైర్ల కీచు, అన్నీ ఉన్నాయి. పక్కనున్న తమ్ముడు అడిగాడు: "అన్నయ్యా, పాటేదీ?"

పాట నిజంగానే లేదు. ఎమ్యులేటర్ సెట్టింగులన్నీ కెలికా, గంట పోయింది. తప్పు అక్కడ లేదు. ఈ ఆటలో సంగీతం మామూలు ఆడియో సీడీలో ఉన్నట్టే వేరే ట్రాకుల్లో ఉంటుంది. (ఆట మెమరీలోకి ఎక్కాక డిస్కు తీసి మన పాటల సీడీ పెడితే, దాని మీదే రేసు ఆడేవాళ్లం!) ఐఎస్ఓలోకి ఆట ఉండే డేటా ట్రాకు ఒక్కటే వస్తుంది. సీడీలో ఒక్కో చిన్న ముక్కకి, అంటే సెక్టారుకి 2352 బైట్లుంటే, అందులోంచీ 2048 మాత్రమే తీసుకుంటుంది. నేనిచ్చిన ఫైలే సగం సరుకు. వెరిఫై చూసేది సీహెచ్‌డీ లోపల ఏదైనా చెడిందా అనే, అంతకుముందే పోయినదాని సంగతి దానికేం తెలుసు?

డిస్కుని ఈసారి బిన్, క్యూ అనే రెండు ఫైళ్ల జంటగా తీశా. బిన్‌లో సరుకు, క్యూలో ఏ ట్రాకు ఎక్కడ మొదలవుతుందో లెక్క. అక్కడా నా చాదస్తం ఊరుకోలేదు, పేరు బాగోలేదని బిన్ పేరు మార్చా. ఫైలే లేదని సీహెచ్‌డీమ్యాన్ మొరాయించింది. క్యూని నోట్‌ప్యాడ్‌లో తెరిస్తే మొదటి లైన్లో పాత పేరే! దాన్ని దిద్ది, సీహెచ్‌డీ తయారుచేసే క్రియేట్‌సీడీ కమాండ్‌కి బిన్ కాకుండా క్యూ ఇచ్చా.

ఫైలు అనుకున్నంత చిన్నదేం కాలేదు. పాటల్ని ఫ్లాక్‌లో (నాణ్యత పోకుండా ఆడియోని కుదించే పద్ధతి) కుదిస్తుంది, సంగీతం డేటాలా అంత తేలిగ్గా నలగదు. ఫరవాలేదు. మొదటి మలుపు తిరిగేసరికి తమ్ముడు రిమోట్ లాక్కుని సౌండు పెంచాడు. బిన్ మాత్రం ఇంకా డిలీట్ చెయ్యలేదు.