త్లచిత్

స్లొవాకియాకి వచ్చాక కోషిత్సెలో నా మొదటి ఉద్యోగం ఒక గోడౌన్ ఆఫీసులో కంప్యూటర్ల బాగోగులు చూడటం. చేరిన మూడో రోజే అకౌంట్స్ మేడమ్ పిలిచారు. ఇక్కడ పెద్దావిడల్ని ‘పాని’ అనాలి. హైదరాబాద్ వాణ్ణి కదా, ఎవరైనా పాని అన్నప్పుడల్లా నీళ్లు అడుగుతున్నారేమో అనిపించేది. కొత్త ల్యాప్‌టాప్‌లో ఎక్సెల్ ఇంగ్లీషులో ఉంది, స్లొవాక్‌లోకి మార్చమన్నారు.

స్లొవాక్ భాష ప్యాక్ దించుకుని ఇన్‌స్టాల్ చేయడం పెద్ద పనేం కాదు. ఆప్షన్స్‌లో స్లొవాక్‌ని అన్నిటికంటే పైకి జరిపి, ఎక్సెల్ మూసి మళ్లీ తెరిచాను. అంతే, నాకు చదువు రాకుండా పోయింది. ఫైల్ ఉన్న చోట సూబొర్ అని ఉంది. అది నొక్కితే ఎడమవైపు అట్టడుగున ఉండేది ఆప్షన్స్ అని చేతికి గుర్తుంది కాబట్టి మొజ్‌నొస్తి దొరికింది. తెలుగు ప్యాక్ కూడా ఉంది, ఊరికే ఇస్తారు. నేనైతే ఒక్కసారీ వేసుకున్న పాపాన పోలేదు.

ఆవిడ టెన్షన్ పాత ఫార్ములాల గురించి. పొరుగునున్న చెక్ వాళ్ల ఎక్సెల్‌లో ఫంక్షన్ల పేర్లు కూడా చెక్‌లోనే ఉంటాయి. స్లొవాక్‌లో మాత్రం ఇంగ్లీషు పేర్లే, పట్టికలో వెతికిపెట్టే వీలుకప్ (VLOOKUP) వీలుకప్పే. దశాంశానికి చుక్క బదులు కామా పెట్టాలి, అది ప్యాక్‌తో రాదు, విండోస్ రీజియన్ మార్చాలి. మార్చి, పరీక్షగా 12.5 కొట్టాను. సెల్‌లో మే 12 ప్రత్యక్షమైంది! ఆవిడ నవ్వి, చెరిపేసి, కామాతో కొట్టారు.

కీబోర్డ్ అంతకంటే ఘోరం. పై వరసలో షిఫ్ట్ పట్టుకుంటే తప్ప అంకెలు రావు, వట్టిగా నొక్కితే గుర్తులు పెట్టిన అక్షరాలొస్తాయి. వై, జెడ్ చోట్లు మార్చుకున్నాయి. నా పేరు వైతో మొదలవుతుంది, పాస్‌వర్డ్ నిండా అంకెలే. లాగిన్ మూడుసార్లు తన్నేసింది. పాస్‌వర్డ్ చుక్కల్లో కనబడుతుంది కదా, తప్పెక్కడో తెలిసి చావదు.

సాయంత్రం వెళ్లిపోతూ తలుపు లాగాను. కదల్లేదు. దాని మీద ఒక మాట రాసుంది: త్లచిత్. పొద్దున్న సూబొర్ కింద ప్రింట్ ఉండాల్సిన చోట చూసిన మాటే. తలుపుని ప్రింట్ చేయడమేంటి? వెనకే వస్తున్న పాని అరచేత్తో గాలిని ముందుకి నెట్టి చూపించారు. నెట్టడానికీ ప్రింట్‌కీ వాళ్లకి ఒకటే మాటట. ఓహో, అచ్చొత్తడం! తలుపు ఒత్తాను, తెరుచుకుంది.